లక్షా నూట పదహారుని అంకెల్లో రాయడం: ఆరో తరగతి నుంచి ఒక కేస్ స్టడీ

2011 జనాభా లెక్కల ప్రకారం శ్రీకాకుళం జిల్లా జనాభా ఇరవై ఏడు లక్షల మూడు వేల నూట పద్నాలుగు. విజయనగరం జిల్లాది ఇరవై మూడు లక్షల నలభై నాలుగు వేల నాలుగు వందల డెబ్భై నాలుగు. రెండూ పాత జిల్లాల లెక్కలు. 2022 ఏప్రిల్‌లో పార్వతీపురం మన్యం జిల్లా ఏర్పడ్డాక ఈ సరిహద్దులు మారిపోయాయి. మా ఉన్నత పాఠశాలలో ఆరో తరగతికి పెద్ద సంఖ్యల పాఠం మొదలయ్యేటప్పుడు నేను ఈ రెండింటినీ నోటితో చెప్పి అంకెల్లో రాయమంటాను. మన జిల్లా, పక్క జిల్లా కాబట్టి పిల్లలు చెవులు రిక్కించి వింటారు.

చూడ్డానికి విజయనగరం సంఖ్యే కష్టంగా ఉంటుంది. పలకడానికి పొడుగు, రాయడానికి నాలుగులే నాలుగున్నాయి. అయినా తరగతిలో చాలామంది దాన్ని తప్పు లేకుండా 23,44,474 అని రాసేస్తారు. బోల్తా పడేది శ్రీకాకుళం దగ్గర. ఈ కేసులోని అమ్మాయి రాసింది ఇది: 27,3,114.

కామాలు తీసేసి చూస్తే అది 273114. అంటే రెండు లక్షల డెబ్భై మూడు వేల నూట పద్నాలుగు. ఒక్క సున్నా పోవడంతో జిల్లా జనాభా పదో వంతుకి పడిపోయింది. రెండు జిల్లాల్లో ఏది పెద్దదని అడిగితే విజయనగరమే అని చెప్పింది. తను రాసుకున్న అంకెల ప్రకారం ఆ జవాబు సరైనదే.

ఈ పిల్ల పేరు, ఊరు రాయడం లేదు. నరసన్నపేట వైపు ఒక పల్లె. ఐదో తరగతి వరకు ఊళ్లోని ప్రాథమిక పాఠశాలలోనే చదివింది. తండ్రి భవన నిర్మాణం పనికి వేరే రాష్ట్రం వెళ్తుంటాడు, తల్లి పొదుపు సంఘంలో సభ్యురాలు. ఎక్కాలు గడగడా చెబుతుంది. నోటి లెక్కల్లో తరగతిలో ముందుండేవాళ్లలో ఒకతె. అందుకే ఆమె పాత నోటుపుస్తకంలో పెద్ద సంఖ్యలున్న ప్రతి పేజీ కింద ఎర్ర సిరాతో 'అజాగ్రత్త', 'జాగ్రత్తగా రాయి' అన్న మాటలే కనబడితే నాకు అనుమానం వచ్చింది. అజాగ్రత్తగా రాసే పిల్ల ఒక్కోసారి ఒక్కోచోట తప్పుతుంది. ఈ పిల్ల ఎప్పుడూ ఒకే చోట తప్పుతోంది.

ఎక్కడ వస్తుంది, ఎక్కడ రాదు

ముందు ఎదురు దారిలో వెళ్లి చూశాను. 27,03,114 అని బోర్డు మీద రాసి చదవమన్నాను. తడుముకోకుండా చదివింది. ఏ అంకె ఏ స్థానంలో ఉందంటే ఒకట్లు, పదులు, వందలు, వేలు, పదివేలు, లక్షలు, పదిలక్షలు అని కుడి నుంచి వరసగా గుర్తులు పెట్టింది. అంకెల్లో ఇచ్చిన లక్షల సంఖ్యలు కూడింది, తీసింది. స్థాన విలువ తెలియదని అనడానికి వీల్లేదు. చిక్కంతా చెవితో విన్న మాటని అంకెల్లో పెట్టేటప్పుడే.

అందులోనూ అన్నీ తప్పు కావు. ఏడు వందల నాలుగు అంటే 704, ఐదు వేల ఏడు అంటే 5007. ఇవి చిన్నప్పటి నుంచి చూసి చూసి అలవాటైన రూపాలు. పదివేలు దాటి కామా అవసరం పడ్డ దగ్గర నుంచి కథ మారిపోయింది. పన్నెండు వేల నలభై అంటే 12,40. నలభై వేల ఆరు అంటే 40,6. నాలుగు కోట్ల రెండు లక్షలు అంటే 4,2,000. మూడు లక్షల యాభై వేలు అన్నప్పుడు ముందు 3,50 అని రాసి, దానికేసి ఒకసారి చూసి, ఏదో వెలితిగా అనిపించి చివర మూడు సున్నాలు తగిలించింది. అది సరైపోయింది. ఇలాంటి గుండు సంఖ్యలు ధరల్లో, అప్పుల్లో ఇంట్లో నలుగుతూనే ఉంటాయి కాబట్టి వాటి ఆకారం పిల్లలకి కంటికి తెలుసు. ఉపాధ్యాయులం పరీక్ష పేపర్లో ఇలాంటివే ఎక్కువ ఇస్తే అసలు లోపం బయటపడదు.

ఎలా రాస్తున్నావో చెప్పమ్మా అని అడిగితే ఆమె చెప్పిన పద్ధతి ఇది: "లచ్చలు అన్నప్పుడు ఒక కామా ఎట్టాల, వేలు అన్నప్పుడు ఒక కామా ఎట్టాల మాస్టారూ. మిగిలింది ఎలాగ వినబడితే అలాగ రాసీడమే."

ఈ రెండు ముక్కల్లో మొత్తం ఉంది. ఆమె దృష్టిలో కామా అంటే 'లక్షలు', 'వేలు' అన్న మాటలకి వాడే గుర్తు. ఇరవై ఏడు, కామా, మూడు, కామా, నూట పద్నాలుగు. పలికినదాన్ని ఒక్కటి కూడా వదలకుండా రాసింది. ఆ నియమం ప్రకారం చూస్తే పేపర్లో ఒక్క తప్పూ లేదు. విజయనగరం సంఖ్య సరిగ్గా ఎందుకొచ్చిందో కూడా దీంతో తేలిపోయింది. అందులో లక్షల దగ్గర రెండంకెలు, వేల దగ్గర రెండంకెలు, చివర మూడంకెలు నిండుగా ఉన్నాయి. ఆమె నియమానికీ అసలు నియమానికీ తేడా కనబడే సందర్భమే అక్కడ రాలేదు. సంఖ్య ఎంత పెద్దదన్నది అసలు విషయం కాదు. మధ్యలో ఏ గదైనా సగం ఖాళీగా ఉందా అన్నదే విషయం.

చదివింపుల పుస్తకం

తప్పు అని నేను చెబితే ఆమె దిద్దుకుంటుంది, రేపు మళ్లీ అదే రాస్తుంది. తన నియమం ఎక్కడ విరిగిపోతుందో తనకే కనబడాలి. దానికి బయటి ఉదాహరణలేమీ అక్కర్లేకపోయింది. మన పెళ్లిళ్లలో చదివింపులే ఉన్నాయి.

నూట పదహారు, ఐదు వందల పదహారు, వెయ్యిన్నూట పదహారు. ఈ మూడూ తెలియని పిల్లలు మన వైపు ఉండరు. ఈ అమ్మాయైతే మేనమామ పెళ్లిలో చదివింపులు రాసేవాళ్ల పక్కనే కూర్చుందట. వెయ్యిన్నూట పదహారు రాయమంటే చటుక్కున 1,116 అని రాసింది. ఆ కిందే లక్షా నూట పదహారు రాయమన్నాను.

"లచ్చెవులు చదివిత్తారు మాస్టారూ!" అని నవ్వింది. చదివించారే అనుకో, పుస్తకంలో ఎక్కించాలిగా అన్నాను. 1,116 అని రాసింది. పైన 1,116, కింద 1,116.

నేనేమీ అనలేదు. పైది చదవమన్నాను, చదివింది. కిందది చదవమన్నాను. 'లక్షా' అని మొదలెట్టి ఆగిపోయింది. మళ్లీ పైదానికేసి చూసింది. "రెండూ ఒకలాగే ఉన్నాయేటి" అంది. లక్ష చదివించిన పెద్దాయన పేరు కింద వెయ్యి పడిందన్నమాట. ఊళ్లో ఎంత గొడవవుతుందో తనకి వేరే చెప్పక్కర్లేదు. దిద్దమంటే ముందు 1,0,116 అని రాసింది. ఏదో కావాలని తెలిసింది, ఎంత కావాలో ఇంకా తెలియలేదు.

తోటి ఉపాధ్యాయులకి నేను గట్టిగా చెప్పేది ఈ జంటల గురించే. ఒక్క సంఖ్య ఇచ్చి తప్పు పట్టుకుంటే పిల్లకి తన తప్పు మన అభిప్రాయంలాగే కనబడుతుంది. రెండు వేర్వేరు మాటలకి ఒకటే రాత వస్తే ఇక మన అభిప్రాయంతో పని లేదు.

పలకని సున్నా

ఇలాంటి తప్పుల్లో రెండు జాతులున్నాయి. చిన్న తరగతుల్లో ఎక్కువగా కనబడేది ఒకటి: మూడు వందల అరవై ఐదు అంటే 30065 అని, వెయ్యీ ఐదు అంటే వెయ్యి రాసి పక్కన ఐదు పెట్టి 10005 అని రాయడం. అక్కడ సున్నాలు ఎక్కువవుతాయి. ఇటలీలో రెండో తరగతి పిల్లల డిక్టేషన్ మీద పవర్, దాల్ మార్టెల్లో అనే ఇద్దరు 1990లో ప్రచురించిన పరిశీలనలో కూడా తప్పుల్లో ఎక్కువ భాగం ఇలాంటివే. అంకెలు సరిగానే ఉంటాయి, సంఖ్య పొడుగే తప్పుతుంది. ఈ అమ్మాయిది దానికి తిరగేసిన తప్పు. సున్నాలు తక్కువవుతున్నాయి. రెంటికీ మందు ఒకటి కాదు.

మా దగ్గర స్థాన విలువ కార్డులున్నాయి. పాత శుభలేఖలు కత్తిరించి చేసినవి. 300 కార్డు మీద 60 కార్డు, దాని మీద 5 కార్డు కుడి అంచులు కలిసేలా పెడితే 365 కనబడుతుంది. 30065 రాసే పిల్లలకి ఇవి బాగా పనిచేస్తాయి. వెనకున్న సున్నాలు పై కార్డు కింద దాక్కోవడం కళ్లతో చూస్తారు. ఈ అమ్మాయికి మాత్రం అవి పెద్దగా ఉపయోగపడలేదు. కార్డుల మీద సున్నాలు ముందే అచ్చయి ఉన్నాయి. 27,00,000 మీద 3,000 పెడితే ఆ సున్నా దానంతటదే కనబడుతుంది, తను తెచ్చి పెట్టాల్సిన పని లేదు. కార్డులతో అన్నీ సరిగ్గా చేసేది. పెన్ను పట్టుకుంటే మళ్లీ 27,3,114.

అసలు సంఖ్యని మాటల్లో చెప్పేటప్పుడు సున్నాని మనం పలకం. 'ఇరవై ఏడు లక్షల సున్నా పదివేల మూడు వేల' అని ఎవరూ అనరు. లేనిదాన్ని చెప్పకుండా వదిలేయడమే మాటల పద్ధతి, లేనిచోట కూడా గుర్తు పెట్టడమే అంకెల పద్ధతి. ఈ మాట తరగతిలో చెప్పడానికి నాకు మన జిల్లాలోనే ఒక మంచి ఆధారం దొరికింది. ముఖలింగం చుట్టుపక్కల ఏలిన తూర్పు గాంగుల్లో అనంతవర్మ వజ్రహస్తుడి పట్టాభిషేకం ఏ సంవత్సరంలో జరిగిందో అతని తామ్రశాసనాల్లో మాటల్లో ఉంది: 'వియత్, ఋతు, నిధి'. వియత్ అంటే ఆకాశం, సున్నా. ఋతువులు ఆరు. నిధులు తొమ్మిది. అంకెలు కుడి నుంచి ఎడమకి నడుస్తాయన్నది ఆ పద్ధతి నియమం కాబట్టి 0, 6, 9 అని విని 960 అని రాయాలి. శక సంవత్సరం 960, అంటే క్రీస్తుశకం 1038.

ఆ పద్ధతిలో సున్నాకి కూడా ఒక పేరుంది, దాన్ని నోటితో పలుకుతారు. పైగా ఒకట్ల స్థానం నుంచే మొదలెడతారు. విన్నది విన్నట్టు రాసుకుంటూ పోతే చాలు, ఏ సున్నా తప్పిపోయే అవకాశమే లేదు. ఈ అమ్మాయి నియమం ఆ శాసనానికి అచ్చుగుద్దినట్టు సరిపోతుంది. మన వాడుక మాటకి సరిపోదు. క్లాసులో ఇది చెప్పాక పిల్లలు కొన్నాళ్లు ఒకరి ఫోన్ నంబర్లు ఒకరికి ఆకాశాలు, ఋతువులు పెట్టి చెప్పుకున్నారు. దానివల్ల డిక్టేషన్ మార్కులేమీ పెరగలేదు గానీ 'ఇక్కడ ఆకాశం ఉంది' అనే మాట మా తరగతిలో పాతుకుపోయింది. సున్నా మర్చిపోయావు అనేకంటే ఆకాశం ఎక్కడ అని అడగడం నాకూ సులువైంది.

గీతలు

విని రాయడంలో ఇంకో ఇబ్బంది ఉంది. స్థానాలు లెక్కపెట్టడం మనం కుడి నుంచి నేర్పుతాం: ఒకట్లు, పదులు, వందలు. మాట మాత్రం ఎడమ నుంచి వస్తుంది: కోట్లు, లక్షలు, వేలు. ఒకట్ల స్థానం ఎక్కడ పడుతుందో తెలియకుండానే మొదటి అంకె రాసేయాలి. కాబట్టి మొదటి పెద్ద మాట వినగానే సంఖ్య పొడుగు తేలిపోవాలి. కోటి వినబడితే దాని తర్వాత ఏడు స్థానాలు. లక్ష వినబడితే ఐదు. వెయ్యి వినబడితే మూడు. వంద అంటే రెండు. ముందు ఆ గీతలు గీసుకో, తర్వాత నింపు అన్నాను.

లక్షా నూట పదహారు: 'లక్ష' అనగానే 1 రాసి ఐదు గీతలు. వేల మాటే రాలేదు. నూట పదహారు చివరి మూడు గీతల్లోకి పోయింది. మధ్యలో మిగిలిన రెండు గీతల్లో ఆకాశాలు. 1,00,116.

ఇది కొత్త పద్ధతేమీ కాదు, చాలామంది మాస్టార్లు గళ్లు గీయించి చేయించేదే. తేడా ఒకటుంది. కోట్ల నుంచి ఒకట్ల దాకా అచ్చు వేసిన గళ్ల పట్టిక ఇస్తే పొడుగు మనమే చెప్పినట్టవుతుంది. గీతలు తనే గీయాలి. ఎన్ని గీయాలో విన్న మాట నుంచే తెలుసుకోవాలి. ఆ నిర్ణయం తనది కాకపోతే పట్టిక తీసేసిన రోజున మళ్లీ మొదటికొస్తుంది.

ఒకరోజు లక్షా నూట పదహారుని 1,000,116 అని రాసుకొచ్చింది. ఇంటిదగ్గర ట్యూషన్‌లో ఎవరో 'వేలకి మూడు సున్నాలు' అని గుర్తు చేశారట. వెయ్యికి మూడు సున్నాలన్న మాట నిజమే. ఆ మూడూ వెయ్యికి కుడివైపు ఉండే స్థానాలు. వేలు అనే గదికి ఉన్న వెడల్పు మాత్రం రెండే. ఈ రెండూ కలిసిపోవడం నేను చాలా పేపర్లలో చూశాను. పుస్తకాల్లో దీన్ని విడదీసి చెప్పిన చోటు తక్కువ.

వేల గది ఎందుకు రెండంకెలే? దీని మీద ఒక పీరియడ్ మొత్తం పోయింది, పోనివ్వడమే మంచిదైంది. తొంభై తొమ్మిది వేల దాకా వేలల్లో చెబుతాం. నూరు వేలు అయ్యేసరికి దానికి లక్ష అని కొత్త పేరొచ్చి పక్క గదిలోకి పోతుంది. లక్షలూ అంతే, నూరు లక్షలైతే కోటి. అందుకే ఆ రెండు గదుల్లోనూ రెండేసి అంకెలు. చివరి గదిలో మాత్రం తొమ్మిది వందల తొంభై తొమ్మిది దాకా పోయాకే వెయ్యి వస్తుంది, కాబట్టి మూడు. కోట్లకి? కోటి పైన మనం రోజూ వాడే పేరు ఇంకోటి లేదు. అందుకే ఆ గదికి ఎడమ గోడ లేదు. 2011లో దేశ జనాభా నూట ఇరవై ఒక్క కోట్లు అని మూడంకెలు పెట్టినా ఒప్పుకుంటుంది.

ఇది అర్థమయ్యాక పిల్లలే ఒకటి కనిపెట్టారు. పన్నెండు వందలు, పదిహేను వందల యాభై అని ఇళ్లల్లో అంటారు. గది లెక్కన చూస్తే వందల దగ్గర రెండంకెలు ఉండకూడదు. గీతల లెక్కన మాత్రం పేచీ లేదు. వంద తర్వాత రెండు గీతలు కాబట్టి 12 రాసి రెండు గీతలు, 15 రాసి రెండు గీతల్లో యాభై. 1200, 1550. గీతల పద్ధతి మీద నాకు నమ్మకం కుదిరింది అక్కడే.

తర్వాత కొన్నాళ్లు ఈ అమ్మాయి అతిజాగ్రత్తలో పడింది. ఐదు లక్షల ఏడు వేలు అంటే 05,07,000. ముందున్న సున్నా వల్ల విలువేమీ మారదు, కాబట్టి నేను తొందరపడి కొట్టేయలేదు. ఎడమ చివర ఆకాశం ఉన్నా లేనట్టే, మధ్యలో ఉంటేనే పక్కవాళ్లని జరగకుండా ఆపుతుంది అన్న సంగతి సంఖ్యలు పోల్చే లెక్కలు చేస్తున్నప్పుడు తనే పట్టుకుంది. ఆ సున్నాలు వాటంతటవే రాలిపోయాయి. వినికిడి తప్పులు కూడా ఒకటి రెండు ఉండేవి. ఏభై అంటే ఏడు గుర్తొచ్చి 70 రాయడం లాంటివి. యాభై అని విడమరిచి పలికితే పోయాయి. వాటి గురించి ఇంతకంటే చెప్పేదేమీ లేదు.

తరగతి బయట

ఇంట్లో పొదుపు సంఘం కాగితాలు, బ్యాంకు ఫారాలు నింపేది ఈ పిల్లే. మాటల్లో రాయడం, అంకెల్లో రాయడం రెండూ అక్కడ పక్కపక్కనే ఉంటాయి. చెక్కు లాంటి పత్రంలో ఆ రెండూ తేడాగా ఉంటే దేన్ని లెక్కలోకి తీసుకోవాలో 1881 నాటి నెగోషియబుల్ ఇన్‌స్ట్రుమెంట్స్ చట్టం 18వ సెక్షన్ చెబుతుంది: మాటల్లో రాసిందే చెల్లుతుంది. (బ్యాంకులవాళ్లు సాధారణంగా అంత దూరం రానివ్వరు, సరిచేసి తెమ్మని తిప్పి పంపేస్తారు.) సున్నా జారిపోవడం ఎంత సులువో ఆ చట్టం రాసినవాళ్లకీ తెలుసు కాబోలు అని పిల్లలతో అంటే నవ్వుకున్నారు.

పెద్దవాళ్లూ ఇదే గుంటలో పడే చోటు ఒకటుంది. రెండు కోట్ల ఐదు లక్షల పని మంజూరైతే '2.5 కోట్లు' అని రాసేవాళ్లని చూస్తూనే ఉన్నాం. 2.5 కోట్లంటే రెండున్నర కోట్లు, 2,50,00,000. రెండు కోట్ల ఐదు లక్షలంటే 2,05,00,000, చుక్క పెట్టి రాయాలంటే 2.05 కోట్లు. తేడా నలభై ఐదు లక్షలు! కోటిలో నూరు లక్షలున్నాయి కాబట్టి చుక్క తర్వాత లక్షలకి రెండు స్థానాలు కావాలి. 27,3,114 రాసిన చెయ్యీ, 2.5 రాసిన చెయ్యీ చేసిన పని ఒకటే. పిల్లని అజాగ్రత్త అన్నవాళ్లు ఈ మాట ఒకసారి చూసుకోవాలి.

ఫోన్‌లో కాలిక్యులేటర్ కొన్నిసార్లు మూడేసి అంకెలకి కామా పెడుతుంది. శ్రీకాకుళం జనాభా అందులో 2,703,114. మిలియన్ల పద్ధతిలో రెండు మిలియన్ల ఏడు వందల మూడు వేల నూట పద్నాలుగు అవుతుంది. ఆ పద్ధతిలో మన సున్నా 703 మధ్యలో పడింది. 704 తప్పు లేకుండా రాసే ఈ పిల్లకి అది అసలు సమస్యే కాదు. అంటే ఒకే సంఖ్య ఒక పద్ధతిలో గుంట, ఇంకో పద్ధతిలో చదునైన దారి. ఇంగ్లీష్ మీడియంలోకి మారితే ఈ తప్పు పోతుందనుకునేవాళ్లకి ఒక మాట: మన ఇంగ్లీషులో కూడా ట్వెంటీ సెవెన్ లాక్ త్రీ థౌజండ్ అనే అంటాం. గుంట ఎక్కడికీ పోదు.

తర్వాత

అర్ధ సంవత్సర పరీక్షలు అయ్యాక, పాఠం పాతబడి ఎవరూ దాని గురించి ఆలోచించని రోజు చూసుకుని మళ్లీ డిక్టేషన్ పెట్టాను. గీతల మాట ఎత్తలేదు. 2011 నాటి ఉమ్మడి ఆంధ్రప్రదేశ్ జనాభా ఎనిమిది కోట్ల నలభై ఐదు లక్షల ఎనభై వేల ఏడు వందల డెబ్భై ఏడు. దేశ జనాభా నూట ఇరవై ఒక్క కోట్ల ఎనిమిది లక్షల యాభై నాలుగు వేల తొమ్మిది వందల డెబ్భై ఏడు. రెండోదాంట్లో లక్షల దగ్గర అదే గుంట ఉంది. ఆమె పేపర్ మీద 8,45,80,777, దాని కింద 121,08,54,977 ఉన్నాయి. గీతలు గీసిన గుర్తు లేదు, పెన్ను మాత్రం 121 తర్వాత ఒక క్షణం ఆగడం చూశాను. శ్రీకాకుళం కూడా మళ్లీ ఇచ్చాను, 27,03,114. కోటీ వెయ్యిన్నొకటి అన్నప్పుడు తడబడి కొట్టేసి మళ్లీ రాసి 1,00,01,001 చేసింది. మొదట్లో వచ్చే 'ఒక'ని మనం పలకం, కోటీ, లక్షా, వెయ్యీ, నూటా అంటాం. పలకని ఒకటీ, పలకని సున్నాలూ ఒకేచోట కలిస్తే ఇంకా కష్టమే.

లక్ష కోట్ల సంగతి తనే తెచ్చింది. 2024-25 రాష్ట్ర బడ్జెట్ 2,94,427 కోట్లని పేపర్లో చూసి, లక్షకి ఐదు గీతలు, కోటికి ఏడు గీతలు, లక్ష కోట్లంటే పన్నెండా మాస్టారూ అని అడిగింది. పన్నెండే. ఏడో తరగతిలో ఘాతాంకాలు వస్తాయి. లక్ష పది ఘాతం ఐదు, కోటి పది ఘాతం ఏడు అని అప్పుడు రాస్తుంది. ఈ గీతలు అక్కడ మళ్లీ అక్కరకొస్తాయి కాబట్టి ఆ పాఠం దాకా వాటిని మాన్పించదలుచుకోలేదు.

కోట్ల పైన కామాలు ఎక్కడ పెట్టాలన్నది ఇంకా తేలలేదు. భూమికీ సూర్యుడికీ మధ్య సగటు దూరంగా లెక్కించే ఖగోళ ప్రమాణం 14,959 కోట్ల 78 లక్షల 70 వేల 700 మీటర్లు. అరసవల్లి సూర్యదేవుడి దూరం అని చెప్పి రాయిస్తే కొందరు 14,959,78,70,700 అని, కొందరు 1,49,59,78,70,700 అని రాశారు. మొదటిది కోట్లని వేరే సంఖ్యలాగా చూసి పెట్టినది, రెండోది రెండేసి అంకెలుగా కొనసాగించినది. అచ్చులో రెండూ కనబడతాయి. అంకెలు సరిగ్గా ఉంటే నేను రెండింటికీ మార్కులిచ్చాను.

ఈ అమ్మాయి దగ్గర మిగిలిన లోపం చుక్క ఉన్న సంఖ్యలే. లక్షన్నర అంటే 1,50,000, లక్షా పాతిక వేలు అంటే 1,25,000 అని రాస్తోంది. 2.05 కోట్లని మాత్రం ఇప్పటికీ ఒక్కోసారి రెండు కోట్ల యాభై లక్షలని చదువుతోంది. దశాంశాల పాఠంలో 2.5, 2.05 జంటని చదివింపుల జంటలాగే ఒకదాని కింద ఒకటి పెట్టి మొదలెడతాను.